మాక్ యోంగ్

మాక్ యోంగ్ మలేషియా ఈశాన్య రాష్ట్రమైన కెలాంతన్ పల్లెల్లో వర్ధిల్లిన మలయ్ నృత్యనాటకం. పాట, వాద్యం, ఆట, ఆశువుగా అల్లే సంభాషణ దీని అంగాలు. దక్షిణ థాయిలాండ్‌లోని పట్టానీలోనూ, ఇండోనేషియాకు చెందిన రియావు దీవుల్లోనూ దీని రూపాలున్నాయి. ఇస్లాం రాకకు ముందే ఇది పుట్టిందని పరిశోధకుల అభిప్రాయం. 2005లో దీనికి యునెస్కో గుర్తింపు లభించింది. 2008లో ఇది మానవాళి అమూర్త సాంస్కృతిక వారసత్వ జాబితాకెక్కింది.

ప్రదర్శన

ఆట జరిగే వేదికను పంగుంగ్ అంటారు. ప్రేక్షకులు దానికి మూడు వైపులా కూర్చుంటారు. ముందుగా నైవేద్యం పెడతారు. తరువాత నటీమణులు రెబాబ్ వాద్యానికి అభిముఖంగా కూర్చుని, 'మెంగాడప్ రెబాబ్' అనే ప్రారంభ గీతం పాడుతూ ఆడతారు. రెబాబ్ కమానుతో వాయించే మూడు తీగల వాద్యం. దానికి రెండు గెండాంగ్ మద్దెలలు, తెతావక్ అనే జంట కంచు వాద్యాలు తోడవుతాయి.

కథానాయకుడైన రాజు పాక్ యోంగ్, రాణి మాక్ యోంగ్. కూచిపూడిలో పురుషులు సత్యభామ వేషం కట్టే సంప్రదాయం ఉంటే, ఇక్కడ స్త్రీయే రాజు వేషం కడుతుంది. పెరాన్ అనే హాస్యగాళ్ళు మాత్రం మగవాళ్ళు. రాజు చేతిలోని వెదురు బద్దల కట్టతో వాళ్ళకు దెబ్బలు తప్పవు. 'దేవ ముడ' వంటి కథలను గురుముఖతః నేర్చుకుంటారు. ఒకే కథ రాత్రికి మూడు గంటల చొప్పున వరుసగా కొన్ని రాత్రులు నడవవచ్చు. 'మాయిన్ పుతెరి' అనే క్రతువుతో కలిపి రోగుల స్వస్థత కోసం ఆడే పద్ధతీ ఉంది.

ఆదరణ, నిషేధం

1920ల వరకు మాక్ యోంగ్‌కు కెలాంతన్ రాజాస్థానం అండగా నిలిచింది. ఆ అండ పోయాక ఇది పల్లె బృందాల మీదే ఆధారపడింది. 1970లలో ఖతీజా అవాంగ్ 'సెరి తెమెంగ్గుంగ్' బృందంతో దీన్ని మళ్ళీ వెలుగులోకి తెచ్చారు. 1999లో ఆమెకు జాతీయ కళా పురస్కారం దక్కింది. 2000లో ఆమె మరణించారు. గులాం సర్వర్ యూసఫ్ 1976లో హవాయి విశ్వవిద్యాలయానికి సమర్పించిన పరిశోధన ఈ కళపై అధ్యయనానికి పునాది వేసింది.

1990లో కెలాంతన్‌లో అధికారంలోకి వచ్చిన పాస్ పార్టీ ప్రభుత్వం మరుసటి ఏడాదే బహిరంగ ప్రదర్శనలను నిషేధించింది. ఇస్లామేతర పూజా విధులు, పరపురుషుల ఎదుట స్త్రీలు ఆడటం అభ్యంతరాలయ్యాయి. యునెస్కో గుర్తింపు వచ్చేనాటికి స్వస్థలంలో నిషేధం అమల్లోనే ఉంది. 2019లో షరతులతో దాన్ని సడలించారు.

పునరుద్ధరణ

పునరుద్ధరణ రెండు దారుల్లో సాగింది. 1994లో కౌలాలంపూర్‌లో ఏర్పడి, ఇప్పుడు అస్వారగా పిలవబడే జాతీయ కళల అకాడమీ దీన్ని విద్యార్థులకు నేర్పుతోంది. 2002లో ఎడిన్ ఖూ స్థాపించిన పుసాకా సంస్థ పల్లెల్లోని కళాకారులతో కలిసి పనిచేస్తోంది. మొదటిది కొత్త నటులను తయారుచేయగలదు. క్రతువు, ఆశుసంభాషణ, గురుశిష్య బంధం నిలవాలంటే మాత్రం కెలాంతన్ పల్లెల్లో ఆట ఆగకూడదు. స్త్రీలే ప్రధాన వేషాలు కట్టే ఈ నాటకానికి, మగ ప్రేక్షకుల ముందు స్త్రీలు ఆడరాదన్న షరతే నేటికీ పెద్ద అడ్డంకి.