సీసపు నాణెం మీది ఓడ

కాలాల మధ్య తిరుగుతూ బేరం చేసే ఓడను ఊహించుకోండి. ఒక యుగంలో ఎత్తిన సరుకును ఇంకో యుగంలో దించుతుంది. కాలయంత్రం అనగానే మనకు 1991లో సింగీతం శ్రీనివాసరావు తీసిన 'ఆదిత్య 369' గుర్తొస్తుంది. అందులో యంత్రం మనుషుల్ని రాయలవారి కాలానికి మోసుకెళ్లింది. వర్తకపు ఓడ మాత్రం కృష్ణా ఒడ్డు వాళ్లకు పద్దెనిమిది వందల ఏళ్లుగా ఉంది. అది అరచేతిలో ఇమిడిపోతుంది, సీసంతో చేసింది.

క్రీ.శ. 2వ శతాబ్దంలో శాతవాహనులు వేయించిన నాణెం అది. వాసిష్ఠీపుత్ర పుళుమావి పేరిట, ఆ తర్వాత యజ్ఞశ్రీ శాతకర్ణి పేరిట ఇలాంటివి దొరికాయి. ఒకవైపు రెండు తెరచాప కొయ్యల ఓడ, ఆ కొయ్యల నుంచి కిందికి లాగిన తాళ్లు, చుట్టూ బ్రాహ్మీ లిపిలో, ప్రాకృతంలో రాజు పేరు. రెండో వైపు ఉజ్జయిని గుర్తు, అంటే ఒకదాన్నొకటి ఖండించే నిలువుగీత, అడ్డగీత, వాటి నాలుగు కొసల్లో నాలుగు గుండ్రాలు. ఏనుగు, సింహం, గుర్రం ఉన్న శాతవాహన నాణేలు చాలా చోట్ల దొరికాయి. ఓడ నాణేలు ఎక్కువగా దొరికింది మన తూర్పు తీరంలోనే.

ఈ బొమ్మ ఎలా పుట్టిందో తెలియాలంటే ముందు ఓడ ఎలా పుట్టిందో చూడాలి. మన తీరం నెమ్మదైనది కాదు. బందరు నుంచి కిందికి ఎక్కడ నిలబడినా కెరటం ఒడ్డును బాదుతూనే ఉంటుంది. మేకులు కొట్టి బిగించిన పడవ ఆ దెబ్బకు పగులుతుంది. అందుకని ఈ తీరం వాళ్లు పలకల అంచులకు బెజ్జాలు వేసి కొబ్బరి పీచు తాడుతో కుట్టారు. కెరటం తగిలితే కుట్టు పడవ కాస్త వంగి, మళ్లీ తన ఆకారానికి వస్తుంది. మసూలా పడవ అని పేరుపడ్డ ఈ రకం మొన్నటి శతాబ్దం దాకా మద్రాసు తీరంలో సరుకు దించింది. ఇంకా సులువైంది తెప్ప. నాలుగు దుంగలు కలిపి కడితే చాలు. నీళ్లు దాని సందుల్లోంచి పోతాయి కాబట్టి నీరు నిండి మునగడమనేదే లేదు. ఒకటో శతాబ్దపు గ్రీకు నావికుడి గ్రంథం 'పెరిప్లస్' కూడా తూర్పు తీరంలో దుంగలు జతచేసి కట్టిన పెద్ద పడవలున్నాయని, తూర్పు సముద్రం అవతలి బంగారు దేశానికీ గంగ ముఖానికీ పోయేవి వాటికన్నా చాలా పెద్దవని రాసింది. మసాలియా అనే ప్రాంతంలో సన్నని నూలుబట్టలు విరివిగా నేస్తారనీ చెప్పింది. ఆ మసాలియా మన కృష్ణా తీరమే.

పెద్ద ఓడకు తెరచాపలుంటేనే చాలదు. తూర్పు సముద్రం దాటాలంటే ఎదురుచూడాల్సింది గాలి కోసం. నైరుతి గాలితో ఓడ అటు సాగుతుంది, ఈశాన్య గాలితో ఇటు తిరిగొస్తుంది. గాలి మళ్లేదాకా పరాయి రేవులోనే మకాం. ఓడ నడిచింది నిజంగా కాలం మీదే అని నాకు అనిపిస్తుంది. 2వ శతాబ్దంలో టాలెమీ తన భూగోళ గ్రంథంలో మైసోలోస్ నదిని, కంటకోస్సిల అనే వర్తక రేవును చెప్పి, బంగారు దేశానికి పోయే ఓడలు తీరం వదిలే చోటు కూడా ఈ వైపే అని గుర్తుపెట్టాడు. నది కృష్ణమ్మ. రేవు ఘంటసాల అని పండితుల మాట.

ఇప్పుడు ఘంటసాలలో నిలబడితే సముద్రం కనబడదు. చుట్టూ వరిచేలు. ఊరు ఎక్కడికీ కదల్లేదు, కృష్ణ తెచ్చిన ఒండ్రుమట్టే సముద్రాన్ని వెనక్కి నెట్టింది. పరాయి ఓడలు నిలిచిన రేవు ఈ రోజు నాట్లు వేసే ఊరు!

సీసమే ఎందుకు? 327 డిగ్రీలకే కరుగుతుంది, మెత్తన, పని సులువు. రోము వైపు నుంచి పశ్చిమ తీరపు రేవులకు సీసం వచ్చేదని పెరిప్లస్ చెబుతోంది. భారతదేశంలో సీసం లేదని, ముత్యాలూ రత్నాలూ ఇచ్చి కొనుక్కుంటారని రోము రచయిత ప్లినీ రాశాడు. అంతా నిజం కాదు, ఇక్కడా గనులున్నాయి. ఏమైనా సీసపు నాణెం సముద్రం దాటే సొమ్ము కాదు, సంతలో చిల్లర. ఉప్పూ బియ్యం కొనే చేతిలో ఓడ బొమ్మ పెట్టాడు రాజు. ఆ ఓడ ఎవరిదో ఫలానా ఓడ కాదనుకుంటాను. అచ్చు చెక్కినవాడు రేవులో చూసినవన్నీ కలిపి కల్పించిన ఓడ అయ్యుండాలి. నిజమైన ఓడల్లో ఒక్కటీ మిగల్లేదు. ఈ కల్పితం మిగిలింది. బంగారమైతే ఎవరో ఒకరు కరిగించి నగ చేయించుకునేవారు.

ఈ తీరానికి ఓడల వెంట వచ్చిన సరుకు తక్కువేం కాదు, దాని మీద రాజుల కన్నూ ఉండేది. తుఫానుకు ఒడ్డున పడ్డ ఓడల సొమ్మును రాజులు స్వాధీనం చేసుకునే అలవాటును, నాణెం కాలానికి వెయ్యేళ్ల తర్వాత, కృష్ణా డెల్టాకు దక్షిణంగా ఉన్న మోటుపల్లిలో 1244-45లో కాకతీయ రాజు గణపతిదేవుడు అభయశాసనంతో మాన్పించాడు. ఇకపై నియమిత సుంకం తప్ప మరేదీ తీసుకోనని రాయించాడు. ప్రాణం కన్నా ధనం ఎక్కువనుకుని సముద్రానికి ఎదురెళ్లేవారి మీద కరుణతో ఇలా చేశానని కారణం కూడా చెప్పాడు. ఆ మాట చదివిన ప్రతిసారీ నాకు ఒళ్లు జలదరిస్తుంది. అక్కడి వీరభద్రాలయ మండపంలో ఆ శాసనపు రాయి ఉంది.

ఘంటసాల ప్రాకృత శాసనాల్లో ఒకదాంట్లో శివకుడనే మహానావికుడి పేరుంది. ఓడను నడిపినవాడి పేరు రాతి మీద నిలిచింది. నాణెం మీద ఓడ చుట్టూ రాజు పేరుంది. పలకలకు బెజ్జాలు వేసి తాడు బిగించినవాడి పేరు మాత్రం ఇంకా ఎక్కడా దొరకలేదు.