కార్యదర్శి రహీం

రాయపూరునుండి విజయనగరమునకు పోవు రైలుమార్గమున ప్రారంభముననే తగులు స్టేషన్లలో మందిర్ హసౌద్ ఒకటి. 1931లో ఈ మార్గము పూర్తియైన నాటినుండి ఇది తెలుగువారి రాకపోకలకు రాజమార్గమే. ఆ స్టేషనుకు అనతిదూరమున, పరసదా గ్రామమునొద్ద, వీర నారాయణసింగు పేర ఒక మహా క్రికెట్ క్రీడాంగణము వెలసినది. క్రికెట్ వీరుల పేర్లు ఈ చుట్టుపట్ల పసిపిల్లలకుగూడ కంఠస్థములు. కాని మన దేశపు ఫుట్‌బాల్‌ను ఆసియాఖండమున రెండు పర్యాయములు అగ్రస్థానమున నిలిపిన హైదరాబాదు బడిపంతులు సయ్యద్ అబ్దుల్ రహీం పేరు 2024లో "మైదాన్" అను హిందీ చిత్రము వెలువడు వరకు మనలో ఎందరికి తెలియును? చిత్రమున ఆయన శిక్షకుడుగా కనిపించును. నేనిచట ముఖ్యముగా తలచుకొనదలచినది సంఘ కార్యదర్శియైన రహీమును.

ఆయన 1909 ఆగస్టు 17వ తేదీన హైదరాబాదున జన్మించెను. ఉస్మానియా విశ్వవిద్యాలయ పట్టభద్రుడు. విశ్వవిద్యాలయ జట్టునను, పిమ్మట ఖమర్ క్లబ్బు పక్షమునను ఆడెను. జీవనోపాధి ఉపాధ్యాయవృత్తి. కాచిగూడ, దారుల్ ఉలూం, చాదర్‌ఘాట్ పాఠశాలలలో పనిచేయుచు, శారీరక విద్యలో డిప్లొమా సంపాదించి, పిల్లల ఆటపాటల భారము వహించెను. నెలజీతముపై ఆధారపడినవాని తీరిక ఎంతటిదో మన సభ్యులకు నేను వేఱుగ చెప్పనక్కఱలేదు.

1940ల తొలినాళ్లలో హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘపు కార్యదర్శి పదవి ఆయనను వరించెను. 1963లో కన్నుమూయు వరకు ఆయన దానిని విడువలేదు. కార్యదర్శి యనగా ఎవరు? క్లబ్బుల తగవులు తీర్చువాడు, ఆటల పట్టిక వ్రాయువాడు, మైదానము సిద్ధపఱచువాడు, రిఫరీని వెదకి తెచ్చువాడు. గెలిచిన జట్టు మెడలో పూలదండ పడునపుడు ప్రక్కన నిలిచియుండు మనిషి. ఇట్టి పదవిని ఆయన ఒక పాఠశాలగా మార్చెను. ఆటగాండ్రు తమకు అలవాటైన కాలితోనే బంతిని తన్నుచుండుట చూచి, రెండవ కాలితో మాత్రమే ఆడవలసిన పోటీలు పెట్టెను. బంతిని తమవద్దనే అట్టిపెట్టుకొని ఒంటరిగా పరుగెత్తు మోజును మాన్పుటకు డ్రిబ్లింగు నిషిద్ధమైన పోటీలు నడిపెను. శిక్షకుడు ఇరువదిమందికి నేర్పగలడు; పోటీ నియమమును మార్చిన కార్యదర్శి నగరమునకంతకును నేర్పగలడు. ఆయన ప్రతిభలో నాకు మిక్కిలి అబ్బురము గొల్పునది ఇదియే.

1950లో హైదరాబాదు సిటీ పోలీసు జట్టు శిక్షణ ఆయన చేతికి వచ్చెను. ఆ ఏటనే డ్యూరాండ్ కప్పు లభించినది. బొంబాయిలో జరుగు రోవర్స్ కప్పును ఆ జట్టు 1950 మొదలు 1954 వరకు వరుసగా ఐదేండ్లు గెలిచినది. పిదప 1956-57, 1957-58 సంవత్సరములలో సంతోష్ ట్రోఫీ హైదరాబాదునకే దక్కినది. పేదయింటి కుఱ్ఱవానికి బంతి తన్నుట వచ్చినచో ఉద్యోగమును దొరకునను ఆశ ఆ దినములలో నగరపు గల్లీగల్లీకి ప్రాకినది.

భారత జట్టు శిక్షణయు ఆయనకే అప్పగింపబడెను. 1951లో ఢిల్లీ ఆసియా క్రీడలందు, అంతిమపోటీలో ఇరానును 1-0తో గెలిచి మనవారు స్వర్ణపతకము పొందిరి. మరుసటి ఏడు హెల్సింకి ఒలింపిక్సున యుగోస్లావియా చేతిలో 1-10తో చిత్తుగా ఓడిరి. మనవారిలో పలువురు బూట్లు లేక వట్టి కాళ్లతో ఆడిరి. ఆ పరాభవము పిమ్మట బూట్లు తప్పనిసరియైనవి.

1956లో మెల్బోర్న్ ఒలింపిక్సు. డిసెంబరు 1న మన జట్టు ఆతిథేయులైన ఆస్ట్రేలియాను 4-2తో ఓడించెను. నెవిల్ డిసౌజా మూడు గోళ్లు చేసెను. ఆ జట్టున అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, జుల్ఫికరుద్దీన్, సికిందరాబాదు చెంత అమ్ముగూడ బాలుడైన తులసీదాస్ బలరాం మున్నగు మనవారుండిరి. తుదకు నాలుగవ స్థానము లభించినది. కాంస్యపతకమునకై బల్గేరియాతో ఆడి 0-3తో ఓడిన డిసెంబరు 7వ తేదీననే, ఆస్ట్రేలియావారు తమ స్వదేశీ ఫుట్‌బాల్‌ను ప్రదర్శన క్రీడగా ఆడి చూపిరి. ఆ ఆట నియమములు 1859లో మెల్బోర్న్ క్లబ్బువారు వ్రాసినవి. 1866లో వానిని సవరించినవారిలో ప్రముఖుడు హెచ్.సి.ఎ. హారిసన్. ఈయన సుంకముల శాఖ ఉద్యోగి! జట్టుకు నాయకుడై ఆడి, పిమ్మట 1877లో ఏర్పడిన విక్టోరియా ఫుట్‌బాల్ సంఘమునకు ఉపాధ్యక్షుడయ్యెను. పగలు దస్త్రములు, సాయంకాలము మైదానము: రహీమునకు ఆ దేశమున ఇట్టి పూర్వుడొకడు కలడు. ఇది మన కార్యాలయ మిత్రులకు రుచించు సంగతి గనుక ఇంత విస్తరించితిని.

1962 జకార్తా గాథ మఱింత కఠినమైనది. శ్వాసకోశపు క్యాన్సరు అప్పటికే ఆయనను తినివేయుచుండెను. తొలి ఆటలో దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓటమి. దానికితోడు మన క్రీడాధికారి ఒకరి మాటలవలన అచ్చటి ప్రజలు మనవారిపై ఆగ్రహించి యుండిరి. అయినను థాయిలాండును, జపానును, సెమీఫైనలున దక్షిణ వియత్నామును గెలిచి, సెప్టెంబరు 4న మరల కొరియానే ఎదుర్కొనిరి. తలకు కుట్లు పడిన రక్షకుడు జర్నైల్ సింగును రహీం ముందువరుసకు పంపెను. పి.కె. బెనర్జీ ఒక గోలు, జర్నైల్ ఒక గోలు చేసిరి. 2-1తో స్వర్ణము మనదయ్యెను. తొమ్మిది నెలలు గడచినవి. 1963 జూన్ 11న రహీం పరమపదించెను.

ఇక ఒక అప్రియసత్యము. కార్యదర్శియు, శిక్షకుడును, సలహాదారును ఒక్కడే యగుట ఆ సంఘమునకు బలమెంతయో బలహీనతయు అంతయే. తన వెనుక ఆ కుర్చీలో కూర్చుండదగిన రెండవవానిని ఆయన సిద్ధపఱచినట్లు కానరాదు. ఆయన జీవించియుండగనే బలరాం, అహమ్మద్ హుస్సేన్ వంటివారు కలకత్తా క్లబ్బులకు తరలిపోయిరి. ఆయన పోయిన పిదప ఆ ప్రవాహమునకు అడ్డుకట్ట వేయువారు లేకపోయిరి. 1965-66లో ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలిచినది. అటుపై ఆ ట్రోఫీ తెలుగునాటికి మరల రాలేదు. భారత జట్టు 1960 రోమ్ పిదప ఒలింపిక్సునకు అర్హత పొందలేదు. ఆసియా క్రీడలలో స్వర్ణమును 1962 తరువాత ఎఱుగదు.

ఆయన నాటిన విత్తులు మాత్రము కొంతకాలము మొలకెత్తుచునే యున్నవి. కుమారుడు ఎస్.ఎస్. హకీం రోమ్ ఒలింపిక్సు జట్టు సభ్యుడై, తదుపరి అంతర్జాతీయ రిఫరీయై, 2021 ఆగస్టులో మరణించెను. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడలలో కాంస్యము గెలిచిన జట్టునకు నాయకుడు హైదరాబాదువాడైన సయ్యద్ నయీముద్దీన్. శిక్షకులలో ఒకరు జకార్తాలో గోలు చేసిన ఆ పి.కె. బెనర్జీయే.