అయస్కాంతపు గోళీల దావా

మత్తూరులోనో హోసూరులోనో బిడ్డకు బొమ్మ కొనేటప్పుడు దానిమీద ఐఎస్‌ఐ గుర్తు వెతుకుతున్నారా? 2021 జనవరి 1 నుంచి మన దేశంలో అది తప్పనిసరి. భౌగోళిక గుర్తింపు పొందిన కొండపల్లి, చన్నపట్న వంటి బొమ్మలకు మాత్రం, వాటి అధీకృత తయారీదారులు అమ్మితే, మినహాయింపు ఉంది.

ఇలాంటి కట్టుబాట్ల మీద వర్తకులు కోర్టుకెక్కడం కొత్తేమీ కాదు. అమెరికాలో నడిచిన ఒక దావా సంగతి చెబుతాను, వినండి.

అక్కడ పెద్దల కాలక్షేపానికని చిన్న చిన్న అయస్కాంతపు గోళీలు అమ్మేవారు. చూడ్డానికి ముచ్చటగా ఉంటాయి. పసిబిడ్డ రెండు గోళీలు మింగిందనుకోండి, అవి కడుపులో ఒకదాన్నొకటి లాక్కుంటాయి. మధ్యన చిక్కిన పేగు నలిగి చిల్లు పడుతుంది. అందుకే వినియోగ వస్తువుల భద్రతా సంఘం 2014లో వాటిని కట్టడి చేసింది. కొలరాడోకు చెందిన జెన్ మాగ్నెట్స్ అనే చిన్న కంపెనీ దావా వేసింది. 2016లో అప్పీలు కోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. ప్రమాదం లేదని కాదు సుమా! గాయపడినవారి లెక్కనూ, చదువుల్లో ఆ గోళీల ఉపయోగాన్నీ సంఘం సరిగా తూచి చూపలేదని.

లెక్క చెప్పమని వర్తకుడు అడగడం న్యాయమే. కానీ కొత్త నిబంధన 2022లో గాని రాలేదు. ఆ ఆరేళ్లూ గోళీలు మళ్లీ అంగళ్లలోకి వచ్చాయి.

మన ఉత్తర్వు 14 ఏళ్లలోపు పిల్లల ఆటవస్తువులకే వర్తిస్తుంది. 'పెద్దలకు' అని రాసిన పెట్టె ఇంట్లో ఉంటే, దాన్ని అందనంత ఎత్తున పెట్టండి.