గోలకొండ కొలువు: కవులు, విద్వాంసులు, కరణములు

మన గ్రంథాలయ రజతోత్సవ సంచికకు ఒక చరిత్ర వ్యాసము వ్రాసి యిమ్మని కార్యవర్గమువారు నన్ను కోరినపుడు మొదట సందేహించితిని. నేను పండితుడను కాను. గ్రామపు లెక్కలు వ్రాసికొని జీవించువాడను. భారత భాగవతములు, ప్రబంధములు నిఘంటువు ప్రక్కన పెట్టుకొని రాత్రివేళల చదివినవే గాని, గురుముఖమున విన్నవి కావు. అయినను లెక్కలు వ్రాయువానికి ఒక అలవాటు కలదు. ఎవరెంత యిచ్చిరి, ఎవరెంత పుచ్చుకొనిరి, ఆ సొమ్ము ఎక్కడనుండి వచ్చినది అని అడుగక మానడు. ఆ అలవాటుతోనే గోలకొండ రాజుల కొలువును గూర్చి నాకు తెలిసిన నాలుగు మాటలు వ్రాయుచున్నాను.

మన సైనిక్‌పురికి దక్షిణముగా రెండు మూడు మైళ్ల దూరమున మౌలాలీ గుట్ట కలదు. రైలుబండిలో పోవుచు దానిని చూడనివారు మనలో లేరు. ఇబ్రహీం కుతుబ్‌షా కాలమున, 1578లో, యాకూత్ అను అంతఃపుర సేవకునకు స్వప్నమున హజ్రత్ అలీ ఆ గుట్టమీద దర్శనమిచ్చెననియు, తెల్లవారి చూడగా రాతిమీద హస్తచిహ్నము కనబడెననియు ఐతిహ్యము. రాజు ఆ సంగతి విని అచ్చట దర్గా కట్టించెనట. నేటికిని రజబు నెల పదునేడవనాటి ఉత్సవమునకు అన్ని మతములవారును మెట్లెక్కుదురు. కావున గోలకొండ చరిత్ర మనకు పరాయి ఊరి కథ కాదు.

కుతుబ్‌షాహీ వంశమునకు మూలపురుషుడు సుల్తాన్ కులీ. ఇరాను దేశపు హమదాను ప్రాంతమునుండి వచ్చి, బహమనీ రాజుల కొలువులో పెద్దవాడై, 1518 నాటికి గోలకొండలో స్వతంత్రుడయ్యెను. 1687 వరకు ఆ వంశమువారు రాజ్యమేలిరి. వారు షియా మతస్థులు, ఇరాను సఫవీ పాదుషాలతో చెలిమి గలవారు. వారి కొలువులో పారశీకము రాజభాష. దక్కనీ వాడుకభాష. ప్రజలలో అత్యధికులు తెలుగువారు. ఈ మూడు భాషలు ఒక కోటలో ఎట్లు కాపురము చేసెనన్నదియే చెప్పదగిన విషయము.

రెండవ సుల్తాను జంషీద్, తండ్రిని చంపించి రాజ్యమునకు వచ్చెనని చరిత్రకారులు వ్రాసిరి. అతని నరికిన చేయి ఎవరిదైనను అన్నకు వెరచి తమ్ముడు ఇబ్రహీం 1543లో విజయనగరమునకు పారిపోయెను. అచ్చట అళియ రామరాయల ఆశ్రయమున ఏడేండ్లుండెను. రామరాయల యింట తిన్న అన్నముతో పాటు తెలుగు కవిత్వపు రుచియు ఇతనికి పట్టుబడినది. 1550లో తిరిగివచ్చి సింహాసనమెక్కిన పిదప అద్దంకి గంగాధరకవి తన తపతీ సంవరణోపాఖ్యానమును ఇతనికి అంకితము చేసెను. కందుకూరి రుద్రకవికి చింతలపాలెమను గ్రామమును ఈ రాజు దానముగా నిచ్చెను. తెలుగు కవులు ఇతనిని 'మల్కిభరాముడు' అని పిలిచిరి. ఇబ్రహీం అను పేరు మన నాలుకమీద భరాముడైనది! ఒక పేరును ఇట్లు మార్చి పలుకుటకు కొంత చనువు ఉండవలెను గదా.

ఇంతవరకు జమ. ఇక ఖర్చు చూడుడు. 1565లో తల్లికోట యుద్ధమని మనము పిలుచు రణమున రామరాయలపై నడచిన సుల్తానులలో ఈ మల్కిభరాముడును ఒకడు. అన్నము పెట్టిన యింటిపై కత్తి దూసినవాడు. ఆ రాయల తల తెగిన పదునైదు సంవత్సరముల తరువాత కూడ, అనగా 1580లో చనిపోవువరకు, ఇతడు రాజ్యమేలెను. మన వ్యాసకర్తలలో కొందరు కవిపోషణ ఒక్కటియే చెప్పి యుద్ధము మాట యెత్తరు. మరికొందరు యుద్ధమొక్కటియే చెప్పి కవుల మాట విడిచిపెట్టుదురు. ఒక ప్రక్కనే వ్రాసిన ఖాతాను నేను ఒప్పుకొనలేను. రెండును ఒకే మనిషి చేసినవి.

రాజును చూచి సరదారులును కవులను పోషించిరి. పటాన్‌చెరువు నేలిన అమీన్‌ఖానుని గూర్చి తప్పక చెప్పవలెను. పొన్నెగంటి తెలగనార్యుడు తన యయాతి చరిత్రమును ఇతనికి అంకితమిచ్చెను. అది తెలుగులో మొట్టమొదటి అచ్చతెలుగు కావ్యము. సంస్కృత సమములైన మాటలను తొలగించి, కథనంతయు ఇంటి మాటలతో నడపుట సామాన్యమైన పని కాదు. నమ్మకము లేనివారు తమ కుటుంబ విషయములను గూర్చి సంస్కృత పదము లేకుండ ఒక ఉత్తరము వ్రాసి చూడవచ్చును. నేను ప్రయత్నించితిని. మూడవ పంక్తిలోనే చతికిలబడితిని. ఇట్టి కావ్యము బ్రాహ్మణ సభలోనో రెడ్డిరాజుల కొలువులోనో గాక, ఒక మహమ్మదీయ ప్రభువు పేర వెలసినదన్న సంగతి మనము మరువరాదు.

ఇందులో ఒక చమత్కారము కూడ నాకు తోచుచుండును. కవి అచ్చతెలుగు వ్రాయుచుండగా, అదే రాజ్యములో లెక్కలు వ్రాయు మావారి తెలుగులోనికి పారశీకపు మాటలు పుట్టలోనికి చీమలవలె దూరినవి. జమ, ఖర్చు, బాకీ, వసూలు, రసీదు, దస్తావేజు, ఇనాము, తరీ, ఖుష్కీ, జమాబందీ: వీనిని తీసివేసినచో మా పుస్తకములలో అంకెలు తప్ప ఏమియు మిగులదు. మా పూర్వులు పట్వారీలు. 1984లో ఆ పదవులు రద్దయినవి గాని, ఆ మాటలను ఎవరును రద్దు చేయలేకపోయిరి.

కరణములన్నచో ఒకని పేరు చెప్పక ముందుకు పోలేను. మహమ్మద్ కులీ కాలమున గోలకొండలో కరణముగా నుండిన సారంగు తమ్మయ 'వైజయంతీ విలాసము' అను కావ్యమును రచించెను. అందలి కథ మనకందరకు తెలిసినదే. విప్రనారాయణుడను వైష్ణవ భక్తుడు వేశ్య వలలో చిక్కుట, రంగనాథుడు వానిని ఉద్ధరించుట. 1954లో వచ్చిన 'విప్రనారాయణ' చలనచిత్రమును చూచినవారు మనలో చాలమంది కలరు. పగలంతయు సుల్తాను కోటక్రింద శిస్తు లెక్కలు వ్రాసి, దీపము వెలుగున శ్రీరంగపు తోటలోని పూలను వర్ణించిన ఆ మనిషిని తలచుకొనునపుడు నాకు ఎందుకో ధైర్యము కలుగును.

ఇక పారశీక విద్వాంసుల వంతు. వీరిలో పెద్ద మీర్ మహమ్మద్ మోమిన్ అస్త్రాబాదీ. ఇరానులో సఫవీ రాజకుమారునకు చదువు చెప్పినవాడు. దేశము విడిచి గోలకొండకు వచ్చి మహమ్మద్ కులీకి పేష్వా, అనగా ప్రధానమంత్రి, ఆయెను. 1591లో హైదరాబాదు నగరమును చార్మినారు చుట్టును నిర్మించినపుడు ఆ యేర్పాటు వెనుక ఇతని బుద్ధి కలదని చెప్పుదురు. నగర పరిసరములందు మీర్‌పేట, సైదాబాదు మొదలగు గ్రామములను నెలకొల్పి, చెరువులు, మసీదులు కట్టించెను. ఇతడు తూనికలు కొలతలను గూర్చి ఒక గ్రంథము వ్రాసెనన్నది నాకు మిక్కిలి ప్రీతి కలిగించిన సంగతి. పద్యము చెప్పగల మంత్రి శేరెంత, మానిక యెంత అన్న విచారములో కూర్చుండుట చూడముచ్చటైన దృశ్యమే. 1625 ప్రాంతమున మరణించి, 'దాయెరా'యను శ్మశానవాటికలో సమాధియయ్యెను. నేడు కూడ పాతబస్తీలో దానికి మీర్ మోమిన్ పేరే.

మహమ్మద్ కులీ స్వయముగ దక్కనీ కవి. అతని కవితలను కూర్చి సంపుటముగ చేసినవాడు మేనల్లుడును అల్లుడును అయిన మహమ్మద్ కుతుబ్‌షా. 1612 నుండి 1626 వరకు రాజ్యమేలిన ఈ రాజును మన గ్రంథాలయ సభ్యులు ప్రత్యేకముగా జ్ఞాపకముంచుకొనవలెను. రాజభాండారములోని పుస్తకములను తాను చదివి, వాని మొదటి పత్రములమీద స్వహస్తముతో వ్రాత వ్రాసి ముద్ర వేయుట ఇతని అలవాటు. (మన సభ్యులు పుస్తకముల అంచులపై వ్రాయు వ్రాతలు ఈ కోవకు చెందినవి కావని గ్రంథపాలకుని తరఫున మనవి.) అటుపిమ్మట అబ్దుల్లా కాలమున ఇబ్న్ ఖాతూన్ అను పండితుడు పేష్వా ఆయెను. నేటి లెబనాను దేశమున చేరిన జబల్ ఆమిల్ అతని జన్మస్థానము. 1650 తరువాత ఒకటి రెండేండ్లలో మహమ్మద్ హుసేన్ అను తబ్రీజు వంశీకుడు 'బుర్హానె కాతె' అను పారశీక నిఘంటువును ఇచ్చటనే కూర్చి అబ్దుల్లాకు అంకితము చేసెను. రెండు వందల సంవత్సరములు గడచినను ఢిల్లీలో గాలిబు మహాకవి ఆ నిఘంటువుపై ధ్వజమెత్తి 1862లో ఒక ఖండన గ్రంథమే అచ్చువేయించెను. తప్పులున్నను ఎల్లరును దానినే చూచుచుండిరి గనుకనే అంత కోపము వచ్చియుండును.

ఈ వైభవమునకు సొమ్మెక్కడిది? కొల్లూరు వజ్రములు, మచిలీపట్టణపు అద్దకపు బట్టలు అని పుస్తకములు చెప్పును. నిజమే. కాని బొక్కసమును నింపినదానిలో పెద్దపాలు భూమి శిస్తే. ఆ శిస్తును వసూలుచేయు అధికారమును ఏటేట పాట పెట్టి, హెచ్చు పాటగానికి ఇచ్చుచుండిరి. మచిలీపట్టణములో ఆ కాలమున వ్యాపారము చేసిన మెత్‌వొల్డు అను ఆంగ్లేయుడు ఈ పద్ధతిని వర్ణించి, ఒప్పుకొన్న సొమ్ము కట్టలేని అధికారులను బెత్తములతో కొట్టించుట కూడ వ్రాసెను. దెబ్బ తప్పించుకొనుటకు అధికారి గ్రామముపై పడును. గ్రామపెద్ద రైతుపై పడును. రైతు ఎవరిమీద పడును? చింతలపాలెము ఒక కవికి చెల్లినది, మంచిదే. కాని చింతలపాలెపు రైతు పేరు ఏ కావ్యపు పీఠికలోను లేదు. ఆ నాటి కరణముల పుస్తకములలో ఉండియుండును. అవి చెదలకు పోయినవి. మా కులవృత్తివారు ఈ వ్యవహారములో నిర్దోషులని కూడ నేను చెప్పబోను. దొర కొట్టిన దెబ్బను రైతువరకు చేర్చిన కలము మాదే.

1636లో షాజహాను ఒత్తిడికి అబ్దుల్లా లొంగి, ఏటేట రెండు లక్షల హొన్నులు కప్పము కట్టుటకును, మసీదు ప్రార్థనలో ఇరాను పాదుషా పేరు తీసివేసి మొగలాయి చక్రవర్తి పేరు చదివించుటకును ఒప్పుకొనెను. అప్పటినుండి రాజ్యపు మొగము మారినది. అబ్దుల్లా, అబుల్ హసన్ కాలపు ఫర్మానులలో పారశీక పాఠముతోపాటు తెలుగు పాఠమును వ్రాసినవి కొన్ని లభించినవి. కాగితము దివాణములో పుట్టినను చదువవలసినవాడు పల్లెలోని కరణము. వానికి అర్థము కానిచో శిస్తు రాదు. తెలుగుపై ప్రేమయని కొందరందురు, అవసరమని నేనందును. అవసరమువలన కలిగిన గౌరవము ప్రేమకంటె ఎక్కువ కాలము నిలుచునని నా అనుభవము.

ఆ అవసరమే హనుమకొండనుండి వచ్చిన మాదన్నను లేఖకుని పీటమీదనుండి మంత్రి గద్దెమీదికి ఎక్కించినది. అబుల్ హసన్ తానాషా 1672లో రాజు కాగా, రెండేండ్లకు మాదన్న రాజ్యభారమంతయు వహించెను. అన్న అక్కన్నయు అతనితో నుండెను. భద్రాచల రామదాసు కథ ఈ కాలముదే. అది మీరు హరికథలలో వినియే యున్నారు గనుక విడిచెదను. 1686లో, ఔరంగజేబు సేన ముంచుకొని వచ్చుచుండగా, అన్నదమ్ములిద్దరును గోలకొండ వీధిలోనే వధింపబడిరి. మరుసటి యేడు, ఎనిమిది నెలల ముట్టడి తరువాత, లోపలివాడొకడు తలుపు తెరువగా కోట పడినది. తానాషా దౌలతాబాదు చెరలో 1699 వరకు బ్రతికెను.

కొలువు పోయినది, కవులకు అగ్రహారములిచ్చు చేయి పోయినది. పల్లెలలో లెక్కల పుస్తకము మాత్రము మూతపడలేదు. పై పుటలో పాదుషా పేరు మార్చి, క్రింద అవే చేలు, అవే చెరువులు, అవే బాకీలు వ్రాసికొనిరి.

తెలంగాణములో కవులు లేరను మాటకు జవాబుగా సురవరము ప్రతాపరెడ్డిగారు 1934లో 'గోలకొండ కవుల సంచిక'ను వెలువరించిరి. ఆ సంచిక ప్రతి మన గ్రంథాలయములో కలదు. అట్ట చినిగినది, కుట్టించవలెను. యయాతి చరిత్రమును కలదు. ఇద్దరు ముగ్గురు తప్ప తీసికొని పోయినవారు లేరని పుస్తకముల పద్దు చెప్పుచున్నది. సారంగు తమ్మయ కావ్యము మాత్రము లేదు. ఈ సంవత్సరపు కొనుగోలు పట్టికలో దానిని చేర్చవలసినదని కార్యదర్శిగారికి విన్నపము వ్రాసి యిచ్చితిని. వెలలో సగము నా పేర ఖర్చు వ్రాసికొనవచ్చును.