మలయాళ చిత్రసీమ – నాయికామణులు

మన సంఘ సభ్యులలో సినిమా చూడనివారు అరుదు. అయినను పొరుగుననున్న మలయాళ చిత్రసీమ చరిత్రతో మనకు పరిచయము స్వల్పమే. ఆ చరిత్రను నాయికల వరుసలో చూచినచో, ఒక ప్రాంతపు ప్రజల మనస్సు ఎట్లు మారుచు వచ్చినదో తెలియును. ఆ వరుసలో మన తెనాలి ఆడపడుచు ఒకరుండుట మనకు విశేషము.

మలయాళమున తొలి కథాచిత్రము ‘విగతకుమారన్’ అను మూకీ. తీసినవారు జె. సి. డేనియల్, నాయిక పి. కె. రోసీ. ఆమె దళిత కుటుంబీకురాలు. ధరించినది నాయర్ వనిత పాత్ర. 1930 ప్రాంతమున తిరువనంతపురము కాపిటల్ థియేటరులో చిత్రము ప్రదర్శింపగా, అగ్రకులములవారు కొందరు సహింపలేక తెరపై రాళ్లు రువ్వినారు. రోసీ ఊరు విడిచి పోవలసివచ్చినది. మరల తెరకెక్కలేదు. ఆ చిత్రపు ప్రతి కూడ నేడు మిగులలేదు.

1938లో తొలి టాకీ ‘బాలన్’ వచ్చినది. అందు నాయిక ఎం. కె. కమలం. 1954లో పి. భాస్కరన్, రాము కారియాట్ కలిసి ‘నీలక్కుయిల్’ తీసినారు. అందు మిస్ కుమారి ధరించిన నీలి దళిత యువతి. ప్రేమించిన ఉపాధ్యాయుడు లోకమునకు వెరచి ఆమెను విడనాడును. బిడ్డను కని ఆమె రైలుపట్టాల ప్రక్కన ప్రాణము విడుచును. రైల్వే కొలువులోనున్న మావంటివారి మనస్సును ఆ ఘట్టము ఒకపట్టాన విడువదు. ఒక దళిత వనితను తెరపై సహింపలేని చోటనే, సుమారు పాతికేండ్లకు, ఒక దళిత వనిత కథకు ప్రేక్షకులు కన్నీరు పెట్టినారు. అయినను ఆ పాత్ర ధరించినవారు దళితులు కారు. మార్పు సగమే వచ్చినదన్నమాట.

1965లో తగళి శివశంకర పిళ్ల నవల ఆధారముగా ‘చెమ్మీన్’ వెలువడినది. మత్స్యకారుల పిల్ల కరుత్తమ్మగా షీలా నటించినారు. దక్షిణాది చిత్రములలో రాష్ట్రపతి స్వర్ణపతకము మొదట పొందినది ఇదియే.

ఆ సంవత్సరమే ‘ఇణప్రావుకళ్’ ద్వారా మన శారద మలయాళమున ప్రవేశించినారు. 1968లో ‘తులాభారం’లో పేదరికము తాళలేక కన్నబిడ్డలకు విషమిచ్చిన తల్లిగా నటించి జాతీయ ఉత్తమనటి అయినారు. నర్గీస్ తరువాత ఆ పురస్కారము పొందినవారు ఆమెయే. ఆ కథయే 1969లో తెలుగున ‘మనుషులు మారాలి’ అయినది. నాయిక మరల శారదయే. 1972లో అదూర్ గోపాలకృష్ణన్ ‘స్వయంవరం’తో రెండవసారి, 1978కి గాను తెలుగు ‘నిమజ్జనం’తో మూడవసారి ఆ గౌరవము దక్కినది.

సొంతగడ్డ బిడ్డను తరిమిన తెరయే పరభాషా వనితను ఇంటి పిల్లగా ఆదరించినది. దీనినిబట్టి అడ్డుగోడ భాష కాదనియు, కులమనియు స్పష్టము. 2013లో కమల్ ‘సెల్యులాయిడ్’ చిత్రమున రోసీ కథను తెరకెక్కించినారు. ఎనుబదియేండ్ల పిదపనైనను మలయాళ చిత్రసీమ ఆమె పేరు తలచినది. పొరుగు భాషలవారి నడుమ తరతరములుగా ఆదరణ పొందుచున్న మనము, మనలో మనము ఎవరిని గడప వెలుపల నిలుపుచున్నామో ఈ ఉగాదినాడు ఒక్కమారు తరచి చూచుకొందము.