కూలిపోయే ఆటలు - కనబడని హద్దులు

ఒకరు కట్టిన ఇంటిపై వేరొకరు మేడ లేపదలచినప్పుడు, అడుగున ఉన్న పునాది ఎంత బరువుకు వేసినదో మొదట విచారిస్తారు. కట్టిన మేస్త్రీ ఊళ్ళో ఉంటే అతనినే అడుగుతారు. కంప్యూటర్ ఆటలకు కొత్త అందాలు చేర్చేవారికి ఈ సదుపాయము లేదు. ఆటను తయారుచేసిన సంస్థ తన ప్రోగ్రామును సాధారణముగా యంత్రానికి మాత్రమే అర్థమయ్యే రూపములో అమ్ముతుంది. లోపల ఏ గది ఎంత కొలతకు కట్టినదో తెలిపే పటము బయటకు రాదు. అందుచేత మేడ కట్టి, అది కూలిన తరువాతనే పునాది సంగతి తెలిసికొనుట ఇక్కడ ఆచారమైపోయినది. ఈ తెలిసికొనుటకు ముప్పది ఏళ్ళకు పైబడిన చరిత్ర ఉన్నది.

ఆటలోని బొమ్మలను, కట్టడాలను, వెలుగునీడలను మార్చడానికి ఆటగాళ్ళే తయారుచేసికొనే చేర్పులను మాడ్‌లు అంటారు. ఇవి బాగా వ్యాప్తిలోకి వచ్చినది 'డూమ్' అనే ఆటతో. అమెరికాలోని టెక్సాస్ రాష్ట్రములో ఉన్న ఇడ్ సాఫ్ట్‌వేర్ సంస్థ దీనిని 1993 డిసెంబరులో విడుదల చేసినది. ఆటను నడిపే ప్రోగ్రామును ఒక ఫైలులోను, బొమ్మలు, పటాలు, ధ్వనులు మొదలైన సరంజామాను మరొక ఫైలులోను ఉంచుట దీని ప్రత్యేకత. ప్రోగ్రామును ముట్టుకోకుండా సరంజామాను మార్చడానికి వీలు చిక్కినది. కొద్ది నెలలలోనే ఆటగాళ్ళు సొంత భవనాలు, సొంత గోడలు తయారుచేసి ఒకరికొకరు పంచుకోసాగినారు.

వాటిలో కొన్ని, ఆట నడుస్తుండగా ఒక చోటికి రాగానే ఆగిపోయేవి. ఆట మూతపడి తెరపై ఒక వాక్యము మిగిలేది. 'నో మోర్ విస్‌ప్లేన్స్' అని అందులో ఉండేది. దీని అర్థము ఇది. ఆ క్షణములో ఆటగాని కంటికి కనబడే నేల ముక్కలను, కప్పు ముక్కలను ప్రోగ్రాము ఒక జాబితాలో వ్రాసికొనేది. ఎత్తు, వెలుగు, పైపూత మూడూ ఒకటే అయిన ముక్కలను చాలవరకు ఒకే పద్దు క్రింద కలిపివేసేది. ఆ జాబితాలో 128 పద్దులకు మాత్రమే చోటు ఉండేది. సంస్థవారి సొంత భవనాలకు అది చాలినది. మెట్ల వరుసలు, రకరకాల వెలుతురులు ఇష్టము వచ్చినట్లు పేర్చిన ఆటగాళ్ళ భవనాలకు 129వ పద్దు కావలసివచ్చినది. ప్రోగ్రాము చోటు లేదని చెప్పి ఆగిపోయినది.

ఆ రోజులలో ఈ సందేశము ఎందరినో విసిగించినది కాని, నిజానికి అది మర్యాదగల ఓటమి. ఏ చోటు నిండినదో పేరు పెట్టి చెప్పినది. కొత్త భవనము తయారుచేసినవారు అందులో మూలమూలకూ నడచి, ఏ చోట నిలబడితే ముక్కలు ఎక్కువగా కనబడుతున్నవో చూచి, అక్కడ ఒక గోడ అడ్డము పెట్టడము నేర్చినారు. 1997 డిసెంబరులో సంస్థ ఆ ప్రోగ్రాము మూలరూపమునే బహిరంగము చేసినది. మరుసటి ఏడు వచ్చిన 'బూమ్' అనే సవరించిన రూపములో ఈ హద్దు తీసివేయబడినది. మేస్త్రీ తానే వచ్చి పటము చూపిన సందర్భాలు ఇట్టివి కొన్నే.

తరువాతి కాలములో ఆటలు పెద్దవైనవి, గ్రాఫిక్స్ కార్డులు వచ్చినవి, ఓటమిలోని మర్యాద మాత్రము పోయినది. ఇందుకు మంచి ఉదాహరణ 'స్కైరిమ్'. బెథెస్డా సంస్థ దీనిని 2011 నవంబరు 11న విడుదల చేసినది. 2012 ఫిబ్రవరిలో మాడ్‌లు తయారుచేసే పనిముట్లను కూడా ఆ సంస్థయే ఉచితముగా ఇచ్చినది. రాళ్ళకు, చెట్లకు, మనుష్యుల ముఖాలకు మరింత నాణ్యమైన పైపూత బొమ్మలు వెల్లువగా వచ్చిపడినవి. ఈ బొమ్మలను టెక్స్చర్లు అంటారు. వాటిని చేర్చుకొన్న ఆటగాడు కొండ ఎక్కి అటు చూచేసరికి ఆట మాయమై కంప్యూటర్ మొదటి తెర ప్రత్యక్షమయ్యేది. ఒక్క మాట కూడా చెప్పకుండా. వారాల తరబడి ఆడిన ఆట, అదే చోట మళ్ళీ మళ్ళీ కూలిపోతూ ఉంటే, చాలామంది దానిని వదలి మొదటినుండి మొదలుపెట్టినారు.

టెక్స్చర్ ఎంత చోటు తింటుందో లెక్క చూచుట మంచిది. వైపుకు 1024 చుక్కలు ఉన్న చదరపు బొమ్మలో చుక్కకు 4 బైట్ల చొప్పున 4 మెగాబైట్లు అవుతవి. వైపును రెట్టింపు చేస్తే వైశాల్యము నాలుగు రెట్లని రేఖాగణితము చెబుతుంది. కాబట్టి 2048కి 16, 4096కు 64 మెగాబైట్లు. ఆటలలో వాడే ఒక కుదింపు పద్ధతి దీనిని నాలుగవ వంతుకు తగ్గిస్తుంది. కాని దూరమునుండి చూచుటకు తయారుచేసి ఉంచే చిన్న ప్రతులు మరొక మూడవ వంతు కలుపుతవి. అంటే కుదించిన 4096 బొమ్మ ఒక్కటి 21 మెగాబైట్లు దాటుతుంది. ఒక వీధి మలుపులో ఇట్టివి వందలు కావలసిరావచ్చును.

ఇక చోటు ఎంత ఉన్నది? స్కైరిమ్ 32 బిట్ల ప్రోగ్రాము. మెమరీలోని ప్రతి బైటుకు ఇంటి నంబరు వంటి చిరునామా ఒకటి ఉంటుంది. 32 బిట్లతో వ్రాయగల చిరునామాలు 429,49,67,296 మాత్రమే. ఇది 4 గిగాబైట్లు. ప్రోగ్రాము ప్రత్యేకముగా కోరకపోతే విండోస్ అందులో సగమే ఇస్తుంది. స్కైరిమ్ మొదట అట్లా కోరలేదు. తెలిసిన ఆటగాళ్ళు ఆ కోరికను తెలిపే గుర్తును ఆట ఫైలులో తామే మార్చుకొన్నారు. 2011 డిసెంబరులో వచ్చిన సవరణలో సంస్థ కూడా అదే పని చేసినది. 64 బిట్ల విండోస్ ఉన్నవారికి హద్దు 4 గిగాబైట్లకు పెరిగినది. ఇంతకు మించి పెంచే దారి లేదు. కంప్యూటర్‌లో 16 గిగాబైట్ల మెమరీ ఉన్నా, నంబరు లేని ఇంటికి ఉత్తరము చేరదు గదా.

చాలామందిని తికమక పెట్టిన విషయము మరొకటి. గ్రాఫిక్స్ కార్డుకు సొంత మెమరీ ఉంటుంది కాబట్టి టెక్స్చర్లు అక్కడ ఉంటవని అనుకొన్నారు. నిజమే, కాని ఈ ఆట వాడిన డైరెక్ట్‌త్రీడీ 9 అనే పద్ధతిలో, సాధారణముగా కార్డుకు పంపిన టెక్స్చర్‌కు మరొక ప్రతిని ప్రోగ్రాము తన చిరునామాలలోనే దాచుకొంటుంది. ఖరీదైన కార్డు కొన్నవాడు కార్డులో సగము ఖాళీగా ఉండగానే ఆట కూలుట చూచి నివ్వెరపోయినాడు.

వెలుగునీడలను మార్చే ఈఎన్‌బీ అనే మాడ్ ప్రవేశము ఇక్కడనే. రష్యాకు చెందిన బోరిస్ వోరంత్సోవ్ దీనిని తయారుచేసినాడు. ఆటకు కావలసిన గ్రాఫిక్స్ గ్రంథాలయ ఫైలు విండోస్‌లో ఉంటుంది. అదే పేరుగల వేరొక ఫైలును ఆట ఉన్న ఫోల్డరులో పెడితే ఆట ముందుగా దానిని తీసికొంటుంది. ఇట్లు మధ్యలో కూర్చున్న ఫైలు ఆట చేసే ప్రతి విన్నపమును విని, తన పని కలిపి, అసలు గ్రంథాలయానికి అందిస్తుంది. వాకిట కూర్చున్నవానిపైనే మొదట అనుమానము పోవుట సహజము. ఆ ఫైలు పేరు మార్చి ఆటను మళ్ళీ నడపుట ఆటగాళ్ళ మొదటి పరీక్ష అయినది. కాని విచిత్రమేమనగా, టెక్స్చర్ ప్రతులకు చోటు చూపినవాడు కూడా వోరంత్సోవే. కొంతకాలానికి అతడు వాటిని ఆట చిరునామాలనుండి తీసి, ప్రక్కన నడిచే వేరొక చిన్న ప్రోగ్రాములో ఉంచే ఏర్పాటు చేసినాడు.

ఇంతలో ఆటగాళ్ళు దోషిని వెదకే పద్ధతులు సాగుతూనే ఉన్నవి. ఒక పద్ధతి, ఆటలోని స్క్రిప్టులు వ్రాసే చిట్టా తెరచి చివరి పంక్తిలో ఏ మాడ్ పేరు ఉంటే దానిని నిందించుట. ఆ చిట్టా స్క్రిప్టుల సంగతి మాత్రమే వ్రాస్తుంది. కూలుటకు ముందు ఎవరు మాట్లాడినారో తెలుస్తుంది, ఎవరు కూల్చినారో తెలియదు. నిరపరాధులైన ఎందరో మాడ్‌కర్తలు ఈ చివరి పంక్తి మూలముగా మాటలు పడినారు.

రెండవది శాస్త్రీయమైనది. మాడ్‌లలో సగము తీసివేసి చూచుట. ఆట నిలబడితే దోషి తీసిన సగములో ఉన్నది, కూలితే మిగిలిన సగములో. 64 మాడ్‌లు ఉన్నా 6 పరీక్షలలో ఒక్కటి తేలుతుంది. ఈ పద్ధతి ఇప్పటికీ మంచిదే. అయితే ఇది దోషి ఒకడే అని నమ్ముతుంది. 4 గిగాబైట్ల హద్దు అందరూ కలిసి నింపినది. అప్పుడు ఏ సగము తీసినా ఆట నిలబడుతుంది, ఏది చివర మిగిలితే అదే దోషి అనిపించుకొంటుంది. పరీక్ష తప్పు చెప్పలేదు, అడిగిన ప్రశ్నయే తప్పు.

ఈ చిక్కు విప్పినది నిందలు కావు, కొలత. నాలుగు గిగాబైట్లకు ఎంతో దూరములో ఉండగానే ఆట కూలే సందర్భాలు ఉండేవి. షేసన్ అనే మారుపేరుగల ఆటగాడు యంత్రరూపములోని ప్రోగ్రామును పరిశీలించినాడు. ఆట ప్రారంభములోనే తన సొంత వాడుకకు 256 మెగాబైట్ల గాదె ఒకటి, ఆపై మరొకటి తీసి ఉంచుకొంటున్నదని, మొదటి గాదె నిండిన తరువాత ఆట బిగుసుకొనుటయో కూలుటయో జరుగుతున్నదని తేలినది. ఈ గాదెలు ఎంతవరకు నిండినవో అంకెలలో వ్రాసే సాధనము కూడా వచ్చినది. కూలిన తరువాత ఆ అంకె చూస్తే, మొదటి గాదె ఎదుట 256 అని ఉండేది. 2014 ఆరంభములో షేసన్ మొదటి గాదెను 512 మెగాబైట్లకు పెంచే సవరణను ప్రకటించినాడు. పిదప స్కైరిమ్ స్క్రిప్ట్ ఎక్స్‌టెండర్ అనే ప్రసిద్ధమైన చేర్పు దానిని తనలో కలుపుకొన్నది. రెండు సంవత్సరాలు ఈ మాడ్, ఆ మాడ్ అని వాదించుకొన్న ఎందరి ఆటలో ఆ ఒక్క సంఖ్య మార్చుటతో నిలబడినవి. బయటకు ఒకటే రోగముగా కనబడినది లోపల కనీసము రెండు రోగములని కూడా అప్పుడే స్పష్టమైనది. 4 గిగాబైట్ల హద్దుకు టెక్స్చర్లు తగ్గించుట మందు. 256 మెగాబైట్ల గాదెకు ఆ మందు పనిచేయదు.

2016 అక్టోబరు 28న 64 బిట్లతో, డైరెక్ట్‌త్రీడీ 11తో స్కైరిమ్ ప్రత్యేక కూర్పు వచ్చినది. పాత హద్దులు రెండూ పోయినవి. కొత్త తంటాలు వచ్చినవి. పాత ఆటకు తయారైన ఆకృతులను మార్పిడి చేయకుండా కొత్తదానిలో పెడితే కొన్ని చోట్ల ఆట కూలేది. ప్రోగ్రాములోని చిరునామాలను నమ్ముకొన్న చేర్పులు, సంస్థ కొత్త సవరణ ఇచ్చిన ప్రతిసారి దారి తప్పేవి. 2021 నవంబరులో పదవ వార్షికోత్సవపు సవరణ వచ్చినప్పుడు ఇది పెద్ద ఎత్తున జరిగినది. అయితే ఈసారి కూలిన క్షణములో ప్రోగ్రాము ఎక్కడ ఉన్నదో, ఏ ఆకృతిని, ఏ టెక్స్చర్‌ను పట్టుకొని ఉన్నదో వ్రాసిపెట్టే సాధనములను కూడా ఆటగాళ్ళే తయారుచేసినారు. వాటిని చదువుటలో మెలకువ కావలెను. పైన కనబడిన పేరు ఒక్కొక్కసారి దెబ్బ తిన్నవానిది, కొట్టినవానిది కాదు.

డూమ్ సంగతి ఒకటి మిగిలి ఉన్నది. 2005లో 'చాకొలెట్ డూమ్' అనే ప్రోగ్రాము వెలువడినది. అది 1990లనాటి ఆట ఎట్లు నడిచేదో అట్లే నడుచుటకు ఉద్దేశించినది, హద్దులతో సహా. దానిలో నిలబడేటట్లు భవనాలు కట్టేవారు ఇప్పటికీ ఉన్నారు. 129వ ముక్క కంటబడకుండా ఎక్కడ గోడ పెట్టవలెనో వారు ముందుగానే లెక్క చూచుకొంటారు.