తోటరాముడి అమ్మ

"పాతాళభైరవి" చూడని తెలుగిల్లు ఉండదు కదా! రామారావునీ, ఎస్వీ రంగారావునీ, మాలతినీ అందరం తలుచుకుంటాం. మరి తోటరాముడికి ఒక అమ్మ కూడా ఉంది. ఆవిడ పేరు చెప్పండి చూద్దాం!

నాకూ తెలిసేది కాదు. చిన్నప్పుడు మా పొదిలి టూరింగు టాకీసుకి ఆ సినిమా మళ్ళీ వస్తే అమ్మమ్మ నన్ను వెంటబెట్టుకెళ్ళింది. నేను నేపాళ మాంత్రికుణ్ణి చూసి హడలిపోతుంటే, అమ్మమ్మ మాత్రం రాముడి తల్లి తెర మీదికి వచ్చినప్పుడల్లా సర్దుకు కూచునేది. "ఎవరనుకున్నావే ఆవిడ? సురభి కమలాబాయి! మన మొదటి టాకీలో నాయిక" అంది, పుట్టింటివాళ్ళ సంగతి చెప్పినంత గర్వంగా.

అమ్మమ్మ అత్తవారింట నాటకాలంటే గిట్టదు. కానీ సురభి వారి డేరా వస్తే మాత్రం మామగారు ఆడవాళ్ళని పంపేవారట. వాళ్ళు సంసారులు, అన్నదమ్ములూ, భార్యాభర్తలూ, పిల్లలూ కలిసి ఆడతారు, తప్పులేదని ఆయన లెక్క. కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో "కీచకవధ" ఆడినప్పటి నుంచీ ఆ కుటుంబాలది అదే పద్ధతి. తక్కిన సమాజాల్లో మీసాలు గొరిగించుకున్న మగవాళ్ళు ద్రౌపదులవుతున్న కాలంలో, సురభి వారి ఆడవేషాలు ఆడవాళ్ళే కట్టారు.

కమలాబాయి పుట్టుకే ఒక నాటకం. 1907లో తల్లి వెంకూబాయి నిండు చూలాలై ఉండి కూడా దమయంతి వేషం కట్టింది. రంగం మీదే నొప్పులొచ్చాయి. దమయంతి దుఃఖం కాబోలని జనం మెచ్చుకుంటూ చూశారట! గబగబా తెర దించారు. బిడ్డ ఆ రంగస్థలం మీదే పుట్టింది. సంగతి తెలిశాక జనం డబ్బులు విసిరారని చెప్పుకుంటారు. విన్నవాళ్ళంతా బిడ్డ అదృష్టానికి ఆశ్చర్యపోతారు గానీ, నాకు మాత్రం ఆ తల్లే కళ్ళలో మెదులుతుంది. నెలలు నిండినా ముఖానికి రంగు వేసుకోక తప్పలేదు పాపం!

ఆ బిడ్డ నడక రాగానే కృష్ణుడూ, ప్రహ్లాదుడూ వేషాలు వేసింది. ఆ ప్రహ్లాదుడి కథే తరవాత పూర్తిగా తెలుగు మాట్లాడిన మొదటి సినిమా అయింది. అప్పటికి మద్రాసులో టాకీలు తీసే వసతి లేదు. అందుకని దర్శకుడు హెచ్.ఎం. రెడ్డి మనవాళ్ళని బొంబాయి తీసుకెళ్ళారు. మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడు, కమలాబాయి లీలావతి. ఒకప్పటి ప్రహ్లాదుడు ఇప్పుడు ప్రహ్లాదుడికి అమ్మ! నేపథ్యగానం లేని రోజులు, నటిస్తూనే ఎవరి పాట వాళ్ళు పాడుకోవాలి. డేరా చివరి వరసదాకా గొంతు వినిపించడం చిన్నప్పుడే వచ్చినవాళ్ళకి అదొక లెక్కా?

"భక్త ప్రహ్లాద" 1931 సెప్టెంబరు 15న వచ్చిందని చాలాకాలం రాసుకున్నారు. 1932 ఫిబ్రవరి 6న విడుదలైందని తరవాత రెంటాల జయదేవ పరిశోధించి చూపించారు. ఆ 1932లోనే కమలాబాయి "పాదుకా పట్టాభిషేకం"లో సీత, "శకుంతల"లో శకుంతల. కొన్నేళ్ళు బొంబాయిలోనే ఉండి హిందీ చిత్రాల్లోనూ వేశారు.

తరవాత? తరవాతేముంది, అమ్మ వేషాలు. 1951 నాటికి ఆవిడకి నలభై నాలుగేళ్ళు. కొడుకు వేషం వేసిన రామారావు మాత్రం ఆ తరవాత ముప్ఫై ఏళ్ళు నాయకుడిగానే ఉన్నారు. మగవాళ్ళకి వయసెక్కడొస్తుంది లెండి! అలాగని ఆ తల్లి వేషం ఆవిడ నామోషీగా వేసినట్టు ఎక్కడా కనిపించదు. ఈసారి సినిమా చూసేటప్పుడు ఆ మాట పలికే తీరు చెవిపెట్టి వినండి, ప్రతి అక్షరం విడిగా, నిండుగా వినిపిస్తుంది. అది డేరాలో నేర్చిన విద్య.

సినిమా అయ్యాక ఇంటికి నడుస్తుంటే అమ్మమ్మ "ఆవిడదీ నా ఈడేనే" అంది. నాకేం అనాలో తోచలేదు. మర్నాడు వసారాలో మిరపకాయల కుప్ప ముందు కూచుని తొడిమలు తీస్తూ, తను డేరాలో విని నేర్చుకున్న లీలావతి పద్యం ఒకటి అందుకుంది. అమ్మమ్మ గొంతు అంత బాగుంటుందని నాకప్పటిదాకా తెలీదు. వీధిలో తాతయ్య దగ్గు వినిపించింది. పద్యం సగంలో ఆపేసి, "చేతులు కళ్ళకి పెట్టుకోకు, మండుతాయి" అంది నాతో.